ఐరీసు మొహం మీద బతికినవాణ్ణి

ఏం రాయను, ఏం రాస్తాను

ఈ మధ్య విజయనగరంలో ఏ కూడలిలో తలెత్తినా ఆకాశం కనిపించడం లేదు, ఫ్లెక్సీలు కనిపిస్తున్నాయి. పుట్టినరోజు ఒకరిది, నవ్వులు వీధి మొత్తానివి. అందరికీ ఒకటే తెలుపు, ఒకటే బుగ్గ. మొన్న మా వీధి పెద్దాయన పోతే పెద్దకర్మ ఫ్లెక్సీలో ఆయనకూ అదే నవ్వు పెట్టారు. బతికుండగా ఆయన నవ్వగా చూసినవాడు ఊళ్లో లేడు.

ఆ ఫ్లెక్సీలు వేసే కుర్రాళ్లే కొందరు మా ఇంటికొచ్చి, "తాతా, సినిమా బేనర్లు నువ్వు సేత్తో గీసేవోడివంట గదా. ఆ పనేటో, ఎలగ సేసేవోడివో కాస్త రాసియ్యి. మాకు పనికొస్తాది" అన్నారు. రంగులు కలపడం గురించి రాస్తే మీకు పనికిరాదు, ఆ పని మీ మిషను చూసుకుంటుంది. నాకు జరిగిన సన్మానాల గురించీ రాయను. జరిగింది ఒక్కటే. ఆ రోజు నాకు కప్పిన శాలువాను, ఫొటో అయ్యాక మెల్లగా లాగి పక్క కుర్చీలోని తబలా ఆయనకు కప్పారు. ఆయన తర్వాత అది ఎవరి భుజం ఎక్కిందో చూడకుండానే వచ్చేశాను.

మన పని బొమ్మ గీయడం అనుకునేరు. కాదు. లోపల ఏముందో మనకే తెలియని దాని గురించి బయట గట్టిగా చెప్పడం. నేనీ పని నేర్చుకున్నది ఒక తెల్లావిడ మొహం మీద. ఆవిడ పేరు ఐరిస్, మా ఊరి నోట్లో ఐరీసు. ఇంగ్లండులో ఆవిడ సినిమా బతుకు మూణ్ణాళ్ల ముచ్చట. మా టాకీసు గోడ మీద మాత్రం ఏళ్లకేళ్లు నడిచింది. అలా నడిపించినవాణ్ణి నేను.

తవిటయ్య గారి సిద్ధాంతం

మా టాకీసు యజమాని తవిటయ్య గారు. టాకీసు పక్కనే బియ్యం, నూనెల కొట్టు ఉండేది. వాళ్ల నాన్నగారి నుంచి కొట్టుతో పాటు టాకీసు కూడా సంక్రమించింది. ఆయన సినిమా చూడగా నేను చూడలేదు. హాల్లోకి వెళ్తే ఫ్యాన్లు తిరుగుతున్నాయా అని పైకి చూసేవారే గానీ తెర వంక చూసేవారు కాదు. అయినా సినిమా మీద ఆయనకొక సిద్ధాంతం ఉండేది.

"ఒరే సూర్రావు, బస్తా మీద బొమ్మ సూసి కొంటారు గానీ లోపల గింజలు ఎవుడైనా లెక్కెడతాడేటిరా?"

ఈ సిద్ధాంతం మీదే ఆయన ఉదయం ఆటకు ఇంగ్లీషు సినిమాలు మొదలుపెట్టారు. తెలుగు సినిమాల కన్నా అవి చవక. విశాఖపట్నం నుంచి రీళ్ల డబ్బా వచ్చేది. పోస్టర్లు వస్తే వచ్చేవి, లేకపోతే లేదు. చూసే జనం ఎవరంటే, నెల్లిమర్ల జూట్ మిల్లులో రాత్రి డ్యూటీ దిగి జుట్టులో నార పీచుతోనే వచ్చేవాళ్లు, గరివిడి ఫ్యాక్టరీ కొలిమి దగ్గర్నుంచి కందిన మొహాలతో వచ్చేవాళ్లు, కాలేజీ ఎగ్గొట్టినవాళ్లు, సంతలో బేరం తొందరగా తెమిలిన రైతులు. ఇంగ్లీషు వాళ్లెవరికీ రాదు. నాకూ రాదు. తవిటయ్య గారికి రాదని వేరే చెప్పాలా.

ఒకసారి డబ్బాతో పాటు ఒక ఫొటో అట్ట వచ్చింది. తెల్లావిడ, పళ్లెంలో టీ సామాను పట్టుకుని నిలబడి మన వంక చూస్తోంది. మెడ దాకా బొత్తాలు. కింద ఐరిస్ అని ఉంది. ఇంటి పేరు మీద ఎవరో జిగురు పూసేశారు. ఆ చిన్న ఫొటో మీద పెన్సిల్‌తో గళ్లు గీసి, గుడ్డ మీద అంతకంత పెద్ద గళ్లు కొట్టి, మనిషి ఎత్తుకు రెట్టింపు చేసి గోడకెక్కించాను. నా చేతికింద పడ్డ మొహాల్లో అంత కుదురుగా వచ్చింది మరొకటి లేదు. దార్లో పోయేవాళ్లు సైకిల్ దిగి చూశారు.

హాలు నిండింది. సినిమా మొదలైంది. వానలో ఒక ఇల్లు, ఇంట్లో ఒక పాస్టరు గారు, ఆయన మాట్లాడుతూనే ఉన్నాడు. మధ్యమధ్య ఐరిస్ వచ్చి టీ ఇచ్చి వెళ్లిపోతోంది. ఫైటు లేదు, పాట లేదు, బొత్తాము ఒక్కటీ ఊడలేదు. కాలేజీవాళ్లు ఈలలు వేసి లేచిపోయారు. మిల్లువాళ్లు మాత్రం హాయిగా నిద్రపోయారు. మర్నాడు డబ్బా తిరిగెళ్లిపోతుంటే ఫొటో కూడా ఇచ్చేయబోయాను. తవిటయ్య గారు ఆపారు.

"సినిమా పోతే పోనాది. మొగం నడిచింది. దాన్ని ఉంచు. ఇకమీదట ఇంగిలీషు సినిమా ఏదొచ్చినా ఆ మొగమే ఎయ్యి. ఆ మొగం నడిచినన్నాళ్లూ నీకు పనుంటాది. నడవనినాడు ఇశాపట్నం నుంచి అచ్చు కాయితాలు తెప్పించుకుంటాను."

నా ఇంట్లో పొయ్యి వెలగడం, ఎప్పుడూ చూడని ఒక తెల్లావిడ మొహం మీద ఆధారపడటం అలా మొదలైంది. మీకు ఎవరైనా యజమాని కళ గురించి మాట్లాడితే వినండి. ఆయన చివరి వాక్యం మాత్రం మరింత జాగ్రత్తగా వినండి.

కోసేసిన రీలు

కుంగ్‌ఫూ సినిమా వస్తే ఇద్దరు చైనా వీరుల మధ్య ఐరీసు. సొరచేప సినిమా వస్తే సొర నోట్లో ఐరీసు. గుర్రాల సినిమా అయితే గుర్రం మీద ఐరీసు, చేతిలో తుపాకి. చేతులు ఎలాగూ పళ్లెం పట్టుకున్నట్టే ఉన్నాయి కాబట్టి పళ్లెం తీసేసి తుపాకి పెడితే సరిపోయేది. మొహం మాత్రం మార్చలేదు, నా దగ్గరున్నది ఒక్క మొహమే. సొర నోట్లో ఉన్నా, చుట్టూ బాంబులు పేలుతున్నా, "టీ తెచ్చాను" అన్నట్టే చూసేది. జనం అది ధైర్యం అనుకున్నారు.

అభిమానులు తయారయ్యారు. వాళ్లలో ముందువాడు పైడిరాజు, నెల్లిమర్ల మిల్లు మనిషి. రాత్రి డ్యూటీ దిగడం, సైకిలెక్కడం, మా గోడ ముందు దిగి బొమ్మకు దండం పెట్టడం, లోపలికెళ్లి ఐరీసు కోసం ఎదురుచూడటం. సినిమాలో ఆవిడ ఉండదు. ఉండదని నాకు తెలుసు, తవిటయ్య గారికి తెలుసు. ఎప్పుడో ఒకనాడు తిరగబడి టాకీసు కుర్చీలు విరిచేస్తారని నాకు గుబులుగా ఉండేది.

విరవలేదు. అభిమానం సంగతి నాకు అప్పుడు అర్థమైంది. ఉదయం ఆట ఆలస్యమైతే మధ్యాహ్నం తెలుగు సినిమాకు అడ్డం వస్తుందని మా ఆపరేటరు నూకరాజు మధ్యలో ఒక రీలు ఎగరగొట్టేవాడు. అది అందరికీ తెలిసిన సంగతే. పైడిరాజు బృందం ఆలోచించి ఒక నిర్ణయానికొచ్చింది. ఐరీసు ఉన్నది ఆ రీల్లోనే. ప్రతి సినిమాలోనూ ఆ రీల్లోనే.

ఒక రోజు అంతా కలిసి నూకరాజును మెట్ల దగ్గర ఆపారు.

"ఏటి నూకన్నా, నీకు ఐరీసంటే పడదేటి? ఏరి ఏరి ఆవిడున్న రీలే కోస్తన్నావు."

"ఆవిడ ఇందులో నేదురా బాబూ."

"నేకపోతే బయట బొమ్మ ఎందలకెట్టినారు? సూర్రావు మావ ఎర్రోడేటి?"

నూకరాజు మెట్లెక్కి తన గదిలోకి వెళ్లి తలుపేసుకున్నాడు. వాళ్లకు జవాబు తవిటయ్య గారు ఇచ్చారు. మరుసటి వారం రిక్షా మైకులో, పూర్తి రీళ్లతో చూపిస్తున్నామని చెప్పించారు. పూర్తిగానే చూపించారు కూడా. ఐరీసు రాలేదు. అయితే సెన్సారు వాళ్లు కోసేశారన్నాడు పైడిరాజు. సెన్సారు కోసిందనేసరికి ఆవిడ మీద గౌరవం పదింతలైంది. అబద్ధం చెప్పేవాడికి అన్నిటికన్నా పెద్ద అండ నమ్మేవాడే. వాడే కష్టపడి మన అబద్ధంలో చిల్లులన్నీ పూడుస్తాడు.

చీకటి సగం

ఇక్కడ పని గురించి ఒక మాట. ఆ ఫొటోలో వెలుగు ఒక పక్క నుంచే పడింది. ఆవిడ ఎడమ చెంప, చెవి చీకట్లో ఉండిపోయాయి. బేనర్ మీద సగం మొహం నల్లగా వదిలేస్తే తవిటయ్య గారు ఒప్పుకోరు. రంగు దొంగిలించానంటారు. కాబట్టి ఆ సగం నేనే కల్పించాను.

కల్పించడం అంటే ఏమిటో తర్వాత తెలిసింది. మనం కల్పించేది ఏదీ గాల్లోంచి రాదు, రోజూ కళ్లముందున్నదే చేతిలోంచి దిగుతుంది. నేను బొమ్మ గీసే వసారాలోంచి కొట్టు కిటికీ కనిపించేది. ఆ కిటికీలో తవిటయ్య గారు అస్తమానం పక్కకు తిరిగి కూర్చునేవారు. విశాలమైన చెవి, కింద వేలాడే తమ్మె. ఏళ్ల తరబడి ఐరీసుకు నేను పెట్టింది ఆ చెవి. ఊళ్లో ఒక్కడూ కనిపెట్టలేదు. ఆయన అర్ధాంగి కూడా కనిపెట్టలేదు. ఇప్పుడు మీ మిషన్లు చీకటి సగాన్ని వాటంతటవే పూరిస్తాయంటున్నారు. మంచిదే. ఎవరి చెవి పెడుతున్నాయో ఒకసారి చూసుకోండి.

మాస్టారు చెప్పిన సంగతి

కాలేజీలో ఇంగ్లీషు చెప్పే మూర్తి మాస్టారు ఒక్కరే ఐరీసు ఎవరో తెలుసుకున్న మనిషి. పాత ఇంగ్లీషు సినిమా పత్రికలు తిరగేసే అలవాటుంది ఆయనకి. ఒకనాడు నా నిచ్చెన కింద నిలబడి చెప్పారు.

"ఆవిడ మహా అయితే మూడు నాలుగు సినిమాల్లో కనిపించిందయ్యా సూర్రావ్. అదీ రెండో ప్రపంచ యుద్ధం అయిపోయిన కొత్తల్లో. అన్నిట్లో ఒకటే వేషం. తలుపు తీస్తుంది, టీ ఇస్తుంది, వెళ్లిపోతుంది. ఆ తర్వాత ఏమైందో ఎక్కడా లేదు. ఆవిడ మొహం ఎవరికీ గుర్తుండే మొహం కాదని ఎవడో రాశాడు కూడా."

నాకు ఒళ్లు మండింది. ఎవరికీ గుర్తుండదట. నెల్లిమర్ల మిల్లులో అడగమనండి.

"ఈ సంగతి పైడిరాజుకు చెప్పమంటారా?" అన్నారాయన. చెప్పొద్దని బతిమాలాను. ఆయన చెప్పలేదు. చెప్పినా నమ్మరని ఆయనకు తెలుసు. నాకే తెలియదు.

ఆవిడ వచ్చిన రోజు

ఇంకొన్నేళ్లకు శ్రీముఖలింగం గుడి శిల్పాలు చూడటానికి కొంతమంది ఇంగ్లండు వాళ్లు వచ్చారు. మూర్తి మాస్టారు వాళ్లను వెంటబెట్టుకెళ్లి చూపించి, మర్నాడు పొద్దున్నే తిరుగుదారిలో కొబ్బరిబొండాలకని మా టాకీసు ఎదుట వ్యాను ఆపించారు. నేను నిచ్చెన మీద గుర్రం తోకకు మెరుగు పెడుతున్నాను. కింద నుంచి మాస్టారి గొంతు వినిపించింది.

"దిగవయ్యా. ఆవిడొచ్చింది."

"ఎవరండీ?"

ఆయన బేనర్ వంక చూపించారు. తర్వాత కిందకు చూపించారు. తెల్లజుట్టు, ఎండకు ఎర్రబడ్డ ముక్కు, బొండాం పట్టుకున్న ఒక ముసలావిడ మెడ వెనక్కి వంచి గుర్రం మీది తనను చూస్తోంది. ఆ బొమ్మ తనదేనని ఆవిడే మాస్టారికి చెప్పిందట.

నేను మొదట పరుగెత్తింది కొట్టుకు. తవిటయ్య గారు సంగతి విని, నా వంక ఒకసారి చూసి, బియ్యం బస్తాల వెనక్కి వెళ్లిపోయారు. అక్కడి నుంచే మాట వినబడింది.

"ఊరెల్నానని సెప్పు. కోర్టుకెక్కిస్తే ఆ మొగం నువ్వు గీసినావు, నాకేటి తెల్దు. నేను బియ్యం ఎవ్వారం వోణ్ణి. నువ్వు రేపటి నుంచి రాకు."

యజమానుల గురించి ఇంతకన్నా నేను చెప్పక్కర్లేదు.

తిరిగొచ్చి ఆవిడ ముందు చేతులు కట్టుకు నిలబడ్డాను. చేతుల నిండా గుర్రం రంగు. ఆవిడ ఒక్క మాట అంటే నా బతుకు అయిపోతుంది. మాస్టారితో, "ఏమన్నా మెల్లగా చెప్పండి" అన్నాను. ఆవిడ చాలాసేపు చూసి ఏదో అంది.

"ఎడమ చెవి తనది కాదంటోంది. సినిమాలు మానేశాక బళ్లో డ్రాయింగ్ టీచరుగా చేసిందట" అన్నారు మాస్టారు.

సిగ్గుతో తల వాలిపోయింది. ఎవరిదని అడిగింది. సావుకారు గారిదని చెప్పాను. చూడాలంది. కొట్లోకి తీసుకెళ్లాను. బస్తాల మీదుగా ఒక చెవి మాత్రం కనిపిస్తోంది. ఆవిడ దాన్ని చూసింది, తన చెవి తడుముకుంది, పడీపడీ నవ్వింది. బస్తాల వెనక ఆ చెవి మెల్లగా కిందకు దిగిపోయింది.

మళ్లీ గోడ దగ్గరకొచ్చాక నవ్వు ఆపి, "నా పళ్లెం ఏమైంది?" అని అడిగిందట.

"తీసీసినానమ్మా. గుర్రం మీద టీ ఒలికిపోతాది గదా."

మాస్టారు తర్జుమా చేశారు. దానికి ఆవిడ అన్న మాట నాకు చెప్పడానికి మాస్టారు కొంచెం తడబడ్డారు.

"అక్కడ ఎంతమందిని బతిమాలిందట, ఒక్క వేషంలోనైనా ఆ పళ్లెం తీసేయమని."

కేసు లేదు, గొడవ లేదు. ఉదయం ఆట మొదలవుతుంటే తనూ చూస్తానంది. పేరు చెప్పొద్దంది. వ్యానులో వాళ్లను ఈలోగా కోట చూసి రమ్మని, మాస్టారితో, నాతో బెంచీ తరగతికి వచ్చింది. కుర్చీలో కూర్చోమంటే వద్దంది. పైడిరాజు పక్కన చోటు దొరికింది. ముసలావిడ ఆసక్తిగా తెర వంక వంగి చూస్తుంటే వాడికి ముచ్చటేసి మాస్టారితో అన్నాడు.

"ఐరీసు కోసమేటండి? కంగారు పడొద్దని సెప్పండి. ఇంటర్వెల్ అయినాక వస్తాది."

ఆవిడ తలూపి ఎదురుచూసింది. ఇంటర్వెల్ అయింది. గుర్రాలొచ్చాయి, తుపాకులు పేలాయి, ఎవడో ఎవణ్ణో చంపాడు, లైట్లు వెలిగాయి. పైడిరాజు నిట్టూర్చి, తన బాధ కన్నా అతిథి బాధ పెద్దదన్నట్టు ఆవిడ వైపు తిరిగాడు.

"కోసీసినారమ్మా. ఏటి సేస్తాం. మంచి ఏక్టింగున్న రీలే కోస్తారు ఈ యెదవలు."

మాస్టారు ఆ మాట ఇంగ్లీషులో చెప్పగానే ఆవిడ మొహం మారిపోయింది. బేనర్ మీద ఎన్నేళ్లు గీసినా నాకు చిక్కని మొహం అది. ఆవిడ మెల్లగా చెప్పింది, మాస్టారు నా చెవిలో తెలుగు చేశారు.

ఒకే ఒక్కసారి ఆవిడకు పళ్లెం లేని సీను ఇచ్చారట. కొడుకు పోయాడని తెలిసిన తల్లి గదిలో ఒంటరిగా ఉండే సీను. తీసిన రోజు లైట్లు పట్టుకునేవాళ్లు కూడా కళ్లు తుడుచుకున్నారట. సినిమా విడుదలయ్యాక అమ్మానాన్నల్ని వెంటబెట్టుకుని వెళ్తే ఆ సీను లేదు. నిడివి ఎక్కువైందని కోసేశారు. ఎలా ఉందని అమ్మను అడగలేక, టీ ఇచ్చింది మీ అమ్మాయే కదూ అని పక్క సీటావిడ అమ్మతో అంటుంటే విని ఊరుకుని, ఇంక స్టూడియోకు వెళ్లలేదట.

"ఇతను చెప్పింది నిజమే అంటోంది. కోసేశారు అంటోంది" అన్నారు మాస్టారు.

పైడిరాజుకు ఇదంతా తెలియదు. సైకిల్ తీసుకోవడానికి బయటకు నడిచాడు. మేమూ బయటకొచ్చాం. ఆవిడ నేరుగా వెళ్లి బేనర్ కింద ఎండలో నిలబడింది. వాడు సైకిల్ ఆపి, ఎప్పటిలా దండం పెట్టుకోవడానికి గోడ వైపు తిరిగాడు.

ఉద్యోగం పోతే పోయింది, సావుకారు ఎలాగూ రావద్దన్నాడు, ఈ మనిషికి మాత్రం తెలియాలి అనిపించింది. ఆవిడ వద్దన్న సంగతి గుర్తుండే చెప్పాను.

"ఒరే పైడిరాజూ, ఈవిడేరా ఐరీసు."

వాడు ఆవిణ్ణి పైనుంచి కిందకు చూశాడు. తలెత్తి బొమ్మను చూశాడు. మళ్లీ ఆవిణ్ణి చూసి, నా వంక తిరిగి జాలిగా నవ్వాడు.

"ముసిలావిడితో పరాసికాలేటి మావా? పాపం, ఎండలో నిలబడిపోనాది."

అని, జోళ్లు విడిచి, చేతులు జోడించి, ఆవిడతో ఎంతో మర్యాదగా అన్నాడు.

"అమ్మా, కాస్త పక్కకి తప్పుకోండి. ఐరీసు కనబడ్డం నేదు."

మాస్టారు తర్జుమా చేయలేదు. అవసరం లేకపోయింది. ఆవిడ పక్కకు తప్పుకుంది.